అంచు పగులు మీమాంస

జొన్నరొట్టె చేసేటప్పుడు దాని అంచున ఒక పగులు వస్తుంది. అర అంగుళం ఉంటుంది, అంతే. కొందరి చేతిలో రాదు, కొందరి చేతిలో రాకుండా ఉండదు. ఇది ఎందుకు వస్తుంది, వస్తే ఏం చేయాలి, ఏమీ చేయకుండా తినేస్తే ఏమవుతుంది అనే మూడు ప్రశ్నల మీద మన పెద్దలు ఒక్క తాటాకైనా ఖర్చు పెట్టినట్టు కనబడదు. వంటకు నలుడున్నాడు, భీముడున్నాడు. ఇద్దరూ రాజుల బిడ్డలు, ఇద్దరూ వండితే భోజనాలే గానీ జొన్నపిండిలో చేయి పెట్టిన దాఖలా లేదు. ఆ లోటు పూడ్చడానికి నేను సూరత్‌లోని పాండేసరలో పదకొండు రోజులుండి, ఇరవై ఆరు రొట్టెలు పాడుచేసి, ఈ చిన్న శాస్త్రం తయారుచేశాను.

శాస్త్రమన్నాక అనుబంధ చతుష్టయం ఉండాలి గనక అది ముందు చెప్పేస్తాను. విషయం: పైన చెప్పిన అర అంగుళం. ప్రయోజనం: రాత్రి పాళీ దిగి వచ్చిన మా మామకు పొద్దున ఏడున్నరకల్లా రొట్టె. సంబంధం: ఆయన మా మేనత్త పెనిమిటి. ఇక అధికారి, అంటే ఈ విద్య నేర్వడానికి తగినవాడు ఎవడన్నది కొంచెం చిక్కు. దాన్ని తేల్చింది పక్కింటి బా. గుజరాతీలో తల్లినీ ముసలామెనూ బా అంటారు. ఆ గల్లీలో అన్ని భాషలవాళ్ళకూ ఆమె బాయే. నేను రొట్టె నేర్చుకుంటానన్న మొదటిరోజు "హాథ్ బతావ్" అంది. చేతులు చూపించాను. అరచేతి మడమ భాగాన్ని బొటనవేలితో రెండుసార్లు నొక్కి, మామిడికాయ పండిందో లేదో చూసినట్టు చూసి, మా అత్త వైపు తిరిగి హిందీలో "కలమ్‌వాలా హై" అని వదిలేసింది. చేయి చూసి జాతకం చెప్పేవాళ్ళను చాలామందిని చూశాను. చేయి చూసి రొట్టె భవిష్యత్తు చెప్పినామెను అప్పుడే చూశాను. ఆ జోస్యం ఎంతవరకు ఫలించిందో ముందుముందు తెలుస్తుంది.

దేశకాలాలు. వరంగల్‌లో నవజీవన్ ఎక్కి, బల్లార్షా, భుసావళ్, నందుర్బార్ మీదుగా సూరత్‌లో దిగి, అక్కడి నుంచి ఉధనా దాటి ఆటోలో వెళితే పాండేసర వస్తుంది. వచ్చిందని ముక్కు చెబుతుంది. బట్టకు రంగులద్దే మిల్లులు, అచ్చు వేసే మిల్లులు, వాటి పొగగొట్టాలు, తడిబట్ట మీద ఆవిరి వాసన. ఇళ్ళున్న గల్లీల్లోకి మళ్ళితే ఒక గుమ్మంలో ఒడియా, ఇంకో గుమ్మంలో భోజ్‌పురి, మూడోదాంట్లో ఖాందేశ్ మరాఠీ, నాలుగోదాంట్లో "ఏం అల్లుడా, అచ్చినవా" అనే మా అత్త. సిరిసిల్ల వైపు నుంచి మన పద్మశాలీలు షోలాపూర్, భీమండి, బొంబాయిలకు వెళ్ళినట్టే సూరత్‌కూ వచ్చారు. సూరత్ నగరపాలిక నడిపే బడుల్లో గుజరాతీ, మరాఠీ, హిందీ, ఉర్దూ, ఒడియాలతో పాటు తెలుగు మాధ్యమం కూడా ఉందంటే ఎంతమంది వచ్చారో ఊహించుకోవచ్చు. మామకు ఇక్కడికి వచ్చినప్పుడు కొత్త మాట నేర్చుకోవలసిన అవసరం పెద్దగా పడలేదట. సిరిసిల్లలో మరమగ్గాన్ని సాంచె అంటారు, ఇక్కడ సంచా అంటారు. అక్కడ సాంచె ముందు నిలబడ్డవాడు ఇక్కడ సంచా ముందు నిలబడ్డాడు. పన్నెండు గంటల పాళీ. ఒక వారం పగలు, ఒక వారం రాత్రి.

బా వాళ్ళది కాఠియావాడ్. ఆ వైపు నుంచి వచ్చినవాళ్ళు సూరత్‌లో ఎక్కువగా వరాఛా, కతార్‌గామ్ వైపు, వజ్రాలు సానబట్టే పనుల్లో కనబడతారు. బా కొడుకు మాత్రం రంగుల మిల్లులో కుదిరి ఇటు వచ్చాడు. అలాంటప్పుడు బా స్థానికురాలు ఎలా అవుతుందని అసలుసిసలు సూరతీలు అడగవచ్చు. పాండేసరలో స్థానికుడంటే ముందు రైలుకు వచ్చినవాడు. ఆ లెక్కన మా అత్తకన్నా బా ఐదేళ్ళు స్థానికురాలు, నాకన్నా మా అత్త ముప్ఫై ఏళ్ళు స్థానికురాలు.

ఇక శబ్దవిచారం. జొన్న, జువార్ రెండూ సంస్కృతంలోని యవనాలం నుంచే దిగి వచ్చాయని నిఘంటువులు చెబుతాయి. అంటే గింజ దగ్గర తగువు లేదు. తగువు రొట్టె దగ్గర మొదలవుతుంది. గుజరాతీలో పలచని గోధుమరొట్టె రోటలీ, స్త్రీలింగం. మందంగా చేత్తో చేసే జొన్న, సజ్జ రొట్టె రోటలో, పుంలింగం. మధ్యలో మరాఠీవాళ్ళకు అదే భాకరీ, మళ్ళీ స్త్రీలింగం. మన వ్యాకరణంలో రొట్టె అమహత్తు, దానికి ఆడా లేదు మగా లేదు. కాబట్టి నవజీవన్ ఎక్కిన రొట్టె వరంగల్‌లో ఏదీ కాదు, జళగావ్‌లో ఆడది, సూరత్‌లో దిగేసరికి మగవాడు. పగులు దేనివల్లో ఆలోచించే పండితుడు ఇన్ని అవస్థలు పడిన పదార్థం అంచున కాస్త చీలితే తప్పేమిటని ముందు తనను తాను అడిగి చూసుకోవాలి.

క్రియాపదం ఇంకా ముఖ్యం. మనం రొట్టె చేస్తాం, కొడతాం, తడతాం. బా రోటలోను 'టీపు'తుంది, లేదా 'ఘడు'తుంది. టీపవుం అంటే రేకును సుత్తితో కొట్టి సాపు చేసినట్టు కొట్టడం. ఘడవుం అంటే కంసాలి నగ చేసినట్టు చేయడం. రోటలో రళవో అంటే రొట్టె సంపాదించడం, బతుకుతెరువు చూసుకోవడం. పాత్రల పేర్లలో కూడా చరిత్ర దాక్కుని ఉంది. రొట్టె కాల్చే మట్టి మూకుడును బా తావడీ అంటుంది. మా అత్తది ఇనుపది, దాన్ని పెంక అంటుంది. పెంక అంటే కుండపెంకు గదా! ఇనుము వచ్చి ఎన్నాళ్ళయినా మన మాటలో మట్టి పోలేదు. బా ఇంట్లో మాట మారలేదు, మట్టీ మారలేదు. ఈ సంగతి కనిపెట్టి ఇద్దరికీ ఉత్సాహంగా వివరించాను. బా "పిండి ఆరిపోతోంది" అంది.

పూర్వగ్రంథాలను కూడా వెతకకుండా వదిలిపెట్టలేదు. 1616లో ఎడ్వర్డ్ టెర్రీ అనే ఇంగ్లిషు పాదిరి సూరత్ రేవులో దిగాడు. జహంగీరు దర్బారుకు రాయబారిగా వచ్చిన సర్ థామస్ రో దగ్గర పూజాదికాలు చూసుకునేవాడు. సామాన్యులు తినే ముతకగింజల రొట్టె వెడల్పుగా, మందంగా ఉంటుందనీ, ప్రయాణాల్లో చిన్న ఇనుప పెనాలు వెంట పెట్టుకుపోయి వాటి మీద కాల్చుకుంటారనీ, తినడానికి బాగుంటుందనీ రాసుకున్నాడు. పెనం చూశాడు, మందం చూశాడు, రుచి చూశాడు. అంచు మాత్రం చూడలేదు. సముద్రాలు దాటి వచ్చినవాడు ఇంకో అర అంగుళం దాటలేకపోయాడు.

డచ్చివాళ్ళు వచ్చి ఈ సమస్యనే పక్కన పెట్టేశారు. వాళ్ళు గోధుమపిండిని పొంగించడానికి తాటికల్లు కలిపేవారట. 1824 నాటి ఒప్పందం తర్వాత వాళ్ళు ఊరు వదిలి వెళుతూ పొయ్యిలను దోటీవాలా అనే పార్సీకి అప్పగించారనీ, రొట్టెలు కొనే దొరలు తగ్గాక మిగిలిపోయి ఎండిన రొట్టెలకు ఊళ్ళో జనమే అలవాటు పడ్డారనీ, వాటి నుంచే సూరత్ బిస్కెట్లూ నాన్‌ఖటాయీ పుట్టాయనీ చెప్పుకుంటారు. తెలంగాణ నుంచి వెళ్ళినవాడికి కల్లుతో రొట్టె అనగానే మనసు ఎటో పోతుంది. గుజరాత్‌లో మద్యనిషేధం రాష్ట్రం పుట్టినప్పటి నుంచీ ఉంది గనక ఆ పరిశోధన అక్కడితో ఆపాను. మనవైపు శ్రీనాథుడు పలనాటి జొన్నల మీద విసుక్కున్నాడని చాటువుల ప్రసిద్ధి. సన్నన్నానికి అలవాటు పడ్డ కవి ఆయన. పగులు దాకా వచ్చే ఓపిక ఆయనకెక్కడిది? సూరత్ భోజనం, కాశీ మరణం అని గుజరాతీ సామెత. రెంటిలో మొదటిది దొరికింది గనక నేను తొందరపడలేదు.

ఇప్పుడు వాదాలు. మా అత్తది ఎసరు వాదం. నీళ్ళు కళపెళ మసలాలి, పిండిలో పోసి గరిటెతో కలిపి, చేయి పట్టేంత వేడిలో పిసకాలి. నీళ్ళు చల్లారితే రొట్టె పగులుతుంది. "మసలకముందే దించితే అంచు ఇచ్చుకపోతది బిడ్డా" అని ఆమె సూత్రం. బా వాదం దీనికి పూర్తిగా ఎదురు. నీళ్ళు గోరువెచ్చగా ఉన్నా చాలు, అసలు గుట్టు పిండిలో ఉంది, పిసుకుడులో ఉంది. పిండి ఆ వారం పట్టిందై ఉండాలి. ఇందుకోసమే బా ఇంట్లో ఘర్‌ఘంటీ ఉంది: నిలువుగా బీరువాలా ఉండే ఇంటి పిండిమర. పైన గింజ పోస్తే కింద డబ్బాలో పిండి. సజ్జపిండి నాలుగు రోజులు దాటితే చేదెక్కుతుంది. జొన్న కొంచెం ఓర్చుకుంటుంది గానీ దానికీ ఓ హద్దుంది. బా లెక్క ప్రకారం చలికాలం సజ్జ తినాలి, ఎండాకాలం జొన్న తినాలి. జనవరిలో నాకోసం జొన్నపిండి ముట్టుకోవలసి వచ్చినందుకు రోజూ ఒకసారి గొణిగేది. మూడోది చెల్లెలి వాదం, అంటే మా అత్త కోడలిది. గ్యాసు మంట ఒకవైపే తగులుతుందని, అందుకే పగులుతుందని. రొట్టె పెంక ఎక్కకముందే పగులుతుంటే మంట దోషం ఎలా అవుతుందని అడిగాను. "మీరు పగలగొట్టేటిది చూస్తలేనా అన్నయ్యా, ఇంతకన్నా మర్యాదగ ఎట్ల చెప్పాలె" అంది.

నవీనుల మతం ఏమిటంటే, గోధుమలో నీళ్ళు తగలగానే సాగే జిగురు ఒకటి తయారవుతుంది, గ్లూటెన్. జొన్నలో అది లేదు. అందుకే గోధుమపిండిని కర్రతో ఎంత లాగినా సాగుతుంది, జొన్నపిండిని లాగితే చీలుతుంది. మరి జొన్నను పట్టి ఉంచేదేమిటి? నీళ్ళు డెబ్బై డిగ్రీల వేడి దాటితే పిండిపదార్థం ఉబ్బి గంజిలా జిగురెక్కుతుంది. ఆ గంజే మేకు. అంటే మా అత్త ఎసరు పోసి జిగురు పుట్టిస్తోంది. బా ఎసరు పోయదు గనక అరచేతి మడమతో ఒక్కో ముద్దనూ అంతంతసేపు రుద్ది, నీళ్ళు గింజపొడి లోపలిదాకా దిగేలా చేసి అదే పని సాధిస్తోంది. ఒకరు నిప్పుతో చేసింది ఇంకొకరు భుజంతో చేస్తున్నారు. ఇద్దరి వాదాలూ నిజమని తేల్చి సంతోషించాను. మరునాడు అత్త ఎసరు, బా తాజా పిండి, బా పిసుకుడు పద్ధతి, మూడూ కలిపి ఒక రొట్టె చేశాను. రెండు పద్ధతుల్లో మంచి అంతా ఉన్న ఆ రొట్టె నాలుగు చోట్ల పగిలింది. అన్ని ప్రయోగాల్లోనూ మారకుండా ఉన్న అంశం నేనొక్కడినే అని అప్పుడు గమనించాను.

బా రొట్టె చేయడం ఒకసారి దగ్గరగా చూడాలి. నేల మీద ముక్కాలిపీట, ముందు కథ్‌రోట్, అంటే మన పరాతం లాంటి వెడల్పు పళ్ళెం. నాలుగు రొట్టెలు కావాలన్నా పిండి ఒక్కసారి కలపదు. ఒక రొట్టెకు సరిపడా రెండు పిడికిళ్ళు తీసి, ఉప్పునీళ్ళు చిలకరించి, ముద్దను పళ్ళానికి అదిమి, అరచేతి మడమతో ముందుకు తోస్తుంది, వేళ్ళతో వెనక్కి లాగుతుంది. తోసినప్పుడు ముద్ద అరిగి పళ్ళెం మీద తెల్లటి చార పడుతుంది. ఆ చార పడడం ఆగిపోయి పళ్ళెం శుభ్రంగా కనిపించే క్షణం ఒకటుంది. అక్కడ ఆపుతుంది. ముద్దను గుండ్రంగా చేసి, తడిచేసిన రెండు అరచేతుల మధ్య పెట్టుకుని, ఈ చేతి నుంచి ఆ చేతికి మార్చుతూ తడుతుంది. తట్టిన ప్రతిసారీ రొట్టె కొంచెం తిరుగుతుంది, కొంచెం పెరుగుతుంది. చిటికెనవేలి పక్క అంచు రొట్టె అంచుకు ఎప్పుడూ కాపలాగా ఉంటుంది. అదే రహస్యం అనుకుంటాను. నా చిటికెనవేలు మాత్రం ప్రతిసారీ వేరే పని మీద ఉంటుంది. తావడీ మీద వేశాక తిప్పుతుంది. పై పొర లేచి బుడగలా పొంగుతుంది. దించి, ఆ పొర మీద వేళ్ళతో గుంటలు పెట్టి, గుంటల్లో నెయ్యి పోస్తుంది. పక్కన బెల్లం ముక్క, వెల్లుల్లి చట్నీ, ఛాస్, అంటే మజ్జిగ.

పగుళ్ళలో జాతులున్నాయి. వెంట్రుక పగులు: కంటికి కనపడుతుంది గానీ తడివేలితో రాస్తే పోతుంది. తపతి పగులు: అంచున మొదలై ఈ ఊరి నదిలా మెలికలు తిరుగుతూ రొట్టె నడుమ దాకా ప్రవహిస్తుంది. ఉపనది పగులు: రెండు పగుళ్ళు కలిసి ముక్క ఊడిపోవడం, నా స్వంత ఆవిష్కరణ. ఈ వర్గీకరణను నేను కాగితం మీద గీసి చూపిస్తే బా పట్టించుకోలేదు. ఆమె వర్గీకరణ వేరే. రొట్టె దించగానే చూసి ఒక్క మాట అంటుంది: మాణస్‌నో, గాయ్‌నో, కూతరానో. మనిషిది, ఆవుది, కుక్కది. రోజూ మొదటి రొట్టె ఆవుకు, చివరిది కుక్కకు ఇచ్చే ఇల్లు అది. నా రాకతో ఆ రెండు కోటాలూ నిండిపోయాయి. మొదటి మూడు రోజులూ నావన్నీ కూతరానో. గల్లీ కుక్కలు నాలుగో రోజు నుంచి మా గుమ్మం ముందే పడుకోవడం మొదలెట్టాయి. ఐదో రోజు మధ్యాహ్నం తొలిసారి "గాయ్‌నో" అంది. పట్టాలు ఎన్నో తీసుకున్నాను గానీ ఆ రోజు అత్తకు ఫోటో తీసి చూపించినంత గర్వంగా ఏదీ చూపించలేదు.

ప్రమాణాల్లో ప్రత్యక్షం ముఖ్యమంటారు. ఈ శాస్త్రంలో అది చెల్లదు. బా చూడదు, వింటుంది. తను పక్కగదిలో చిక్కుడుకాయలు వలుస్తూ ఉంటుంది. నేనిక్కడ టీపుతూ ఉంటాను. రెండిళ్ళవతల సంచాల ఖాతా, అంటే మరమగ్గాల షెడ్డు, గోడలు దాటి టకటకా మోగుతూనే ఉంటుంది. అంత మోతలో నా చప్పుడు తడిగా ఉంటే "లోట్!" అని అరుస్తుంది, పిండి అద్దుకొమ్మని. పొడిగా ఉంటే "పాణీ!" అంటుంది, చేయి తడుపుకొమ్మని. ఒకసారి ఏమీ అనలేదు. పగులు పడలేదేమో అని ఆశగా చూశాను. బా నిద్రపోయింది.

ఒకరోజు ఓడిపోయి, సామెతలను ఆశ్రయించాను. మన భాషలోనే రొట్టె విరిగి నేతిలో పడడం అదృష్టం గదా, మరి విరగని రొట్టె కోసం ఇంత తపస్సెందుకని అత్తను నిలదీశాను. నేసినవాళ్ళ ఇంటి ఆడబిడ్డ. అంచు చూసి చీరకు ధర కట్టే కళ్ళు. "విరిగేటిది కాలినంక అల్లుడా. కాలకముందు విరిగితే నెయ్యిల ఎందుకు పడ్తది? పొయ్యిల పడ్తది" అంది. మరి అంచు డాబే గానీ పంచె డాబు లేదంటారు గదా, అంచుకు అంత విలువ ఎందుకని ఇంకో బాణం వేశాను. "నీ రొట్టెకు పంచె సుత లేదు గదా" అంది. ఈ వాదం మీద శాస్త్రకారుడు మౌనం వహిస్తున్నాడు.

పదకొండో రోజు. ఇక తిరుగు నవజీవన్ ఎక్కాలి. పొద్దున ఆరున్నరకే మొదలుపెట్టాను. అత్త ఎసరు కాదు, బా పద్ధతే. పళ్ళెం మీద తెల్లచార ఆగిన క్షణం పట్టుకున్నాను. చిటికెనవేలిని మొత్తం సమయం ఉద్యోగంలోనే ఉంచాను. రొట్టె పెరిగింది, తిరిగింది, తావడీ మీద పడింది, పొంగింది. దించి చూస్తే అంచున, మామ గడియారంలో నాలుగు గంటలుండే చోట, ఒకే ఒక పగులు. వెంట్రుక కన్నా కొంచెం పెద్దది. బా వంగి చూసింది. కళ్ళద్దాలు పైకి తోసుకుని ఇంకోసారి చూసింది. చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత "గాయ్‌నో" అంది. కొంచెం బాధగానే అంది, అది వేరే సంగతి. ఆవు రొట్టె పెట్టే స్టీలు ప్లేటులో వేసి గుమ్మం దగ్గర పెట్టి, మామకని తను రెండు చేయడం మొదలెట్టింది.

ఏడున్నరకు మామ వచ్చాడు. కనుబొమల మీద దూది నూగు. కాళ్ళు కడుక్కుని, రెండిళ్ళ మధ్య నడవలోనే గోడకానుకుని కూర్చున్నాడు. ఎదురుగా స్టీలు ప్లేటు, రొట్టె. పక్కన అత్త పెట్టిన ఛాస్ గిన్నె. ప్లేటు లాక్కున్నాడు. "అయ్యో, అది..." అని అత్త లేవబోతే బా ఆమె మోకాలి మీద చేయి వేసి ఆపింది. మామ రొట్టెను అంచు ఎక్కడుందో, పగులు ఎక్కడుందో చూడకుండా మధ్యకు విరిచి, ఆ సగాన్ని మళ్ళీ విరిచి, ముక్కలన్నీ ఛాస్‌లో వేసి పిసికాడు. రెండు నిమిషాల్లో గిన్నెలో అంచూ లేదు, నడుమూ లేదు.

"రొట్టె ఎవలు చేసిండ్రు?" అన్నాడు గిన్నె సగమయ్యాక.

"అల్లుడు" అంది అత్త.

"ఔనా" అని మామ ఉల్లిగడ్డ కోసం చేయి చాపాడు.

ఆ పొద్దున గల్లీ ఆవుకు బా చేసిన రొట్టె దక్కింది, అంచున వెంట్రుకైనా పగులు లేనిది. అది రెండుసార్లు నమిలి మింగేసి, ఇంకోటుందా అన్నట్టు గుమ్మంలోకి తల పెట్టి నిలబడింది.